ఈలసీమ గాలిపుస్తకంతో కువైట్ నుంచి అమ్మాన్ దాకా

కువైట్ నుంచి అమ్మాన్‌కు రోడ్డు మీద వెళ్లాలనుకుంటున్నామని, దారి ఎలా ఉంటుందో చెప్పమని కొందరు పాఠకులు అడిగారు. ఆ దారిలో నేను ఒక్కసారే వెళ్లాను. అదీ 1990లో, ఇరాక్ సైన్యం కువైట్‌ను ఆక్రమించిన వేసవిలో. నా వివరాలు ఇప్పుడు ఎంతవరకు పనికొస్తాయో తెలియదు. కానీ అంత భయంలోనూ అంతగా నవ్విన ప్రయాణం నాకు మరొకటి లేదు.

అప్పుడు మేం రిగ్గైలో ఉండేవాళ్లం. మా ఆయన రాజన్న అహ్మదిలో మెకానిక్. మా సొంతూరు జగిత్యాల దగ్గర. సైన్యం వచ్చాక కంపెనీ బస్సు రావడం మానేసింది. రొట్టెల కోసం తెల్లవారకముందే వరసలో నిలబడాల్సి వచ్చేది. ఆరేళ్ల మా కవిత కాల్పులు వినబడితే చాలు, మంచం కిందికి దూరేది. బస్రా, బాగ్దాద్‌ల మీదుగా జోర్డాన్ సరిహద్దుకు వెళ్లే బస్సు దజీజ్ గోదాముల దగ్గర బయలుదేరుతుందని తెలియగానే మా ఆయన ఇంట్లో ఉన్న దీనార్లన్నీ ఊడ్చి సీట్లు పట్టారు. మామూలు రోజుల్లో ఆ డబ్బుతో విమానమే ఎక్కేవాళ్లం.

బస్సులో మా పక్కన, కిటికీ దగ్గర కూర్చున్న కడప ఆమె పేరు ఓబులమ్మ. ఒక అరబ్బు ఇంట్లో పిల్లల్ని చూసుకునేది. వాళ్ల మామా, అంటే ఆ ఇంటి యజమానురాలు, కుటుంబంతో సౌదీకి వెళ్లిపోతూ పాస్‌పోర్టు చేతిలో పెట్టి పంపేసిందట. మొదటి చెక్‌పోస్టులో సైనికులు బస్సెక్కగానే కవిత సీటు కిందికి జారబోయింది. ఓబులమ్మ దాని చెయ్యి పట్టుకుంది.

“యాడికి పోతాండావు పాపా? ఈలసీమ కత సెప్తా, పైకి రా.”

ఆ ఇంటి పిల్లల్ని నిద్రపుచ్చడానికి వచ్చీరాని అరబ్బీలో తను అల్లిన లోకం అది. ఈలసీమలో మనుషులు గొర్రెల్ని కాసినట్టు గాలుల్ని కాస్తారు. సాయంత్రం ఈల వేస్తే గాలులన్నీ దొడ్డికి చేరతాయి. ఆ దేశంలో వెయ్యేళ్ల నాటి గాలిపుస్తకం ఒకటుంది. ఒక్కో పేజీలో ఒక్కో మంత్రం, ఒక్కో మంత్రానికి ఒక్కో గాలి. బట్టలు ఆరేసే గాలి, ఏడ్చేవాళ్లకు చక్కిలిగింతలు పెట్టే గాలి, దొంగల టోపీలు ఎగరగొట్టే గాలి. సైనికులు దిగిపోయేసరికి కవిత మూడో పేజీలో ఉంది.

బస్రా దాటాక బస్సంతా వినడం మొదలుపెట్టింది. వెనక సీటులోని నిజామాబాద్ కూలీ ఒకాయన ఉండబట్టలేక అడిగాడు: “అక్కా, కాల్చిన మక్కకంకుల వాసన తెచ్చే పేజీ లేదా అండ్ల?”

“ఎందుకు లేదన్నా, ఉండాది. అది తెరిస్తే ఆకలి ఇంకా ఎక్కువైతాది. తెరిసేదా?”

“వద్దు తల్లీ, మూసెయ్!”

బాగ్దాద్ దాటాక ఆగిన హోటల్లో వంటాయన ఈ గోలంతా చూసి ఏమిటని సైగ చేశాడు. ఓబులమ్మ తన అరబ్బీలో చెప్పింది. ఆయన నవ్వి, పొయ్యిలోంచి అప్పుడే తీసిన రొట్టె కవితకిచ్చి, చల్లారడానికి తనే ఉఫ్ ఉఫ్ మని ఊదాడు. డబ్బిస్తే తీసుకోలేదు. “యల్లా, యల్లా” అంటూ మమ్మల్ని బస్సు వైపు తరిమాడు.

ఇరాక్, జోర్డాన్ సరిహద్దుల నడుమ గుడారాల్లో దించేశారు. ఎటు చూసినా ఒకే రంగు గుడారాలు, వేలమంది జనం. మర్నాడు మధ్యాహ్నం నీళ్ల ట్యాంకరు వచ్చిందని మా ఆయన డబ్బా పట్టుకున్నారు. “మీరు ఈడికెల్లి కదలకుండ్రి. నేను నీళ్లు పట్టుకొస్త.” ఆయన వెళ్లిన కాసేపటికే ఇసుక తుఫాను లేచింది. చాచిన చెయ్యి కూడా కనబడలేదు. ఎంత చూసినా ఆయన రాలేదు. కవిత “నాన్నేడి?” అని వెక్కుతోంది. వెతకడానికి లేచాను. ఓబులమ్మ నా కొంగు పట్టి ఆపింది.

“నువ్వూ తప్పిపోతే బిడ్డ గతేంది? కూర్సో. పాపా, పోయినోళ్లను తోలుకొచ్చే పేజీ తెరుస్తాండా. అందరూ నాతో అనాల. గట్టిగా!”

ముఖాలకు గుడ్డలు చుట్టుకుని గుడారం వాకిట నిలబడ్డాం. ఆమె పళ్లెం మీద గరిటెతో కొడుతుంటే అందరం అరిచాం: “పిల్లగాలీ మళ్లుకో! నాన్ననిటు తోలుకరా!” పక్క గుడారాల పిల్లలు అందుకున్నారు. తెలుగు రాని మలయాళీ పిల్లలు కూడా “తోలుకరా, తోలుకరా” అని ఒకటే కేకలు. గొంతులు పోయేదాకా అరిచాం. ఇసుకలోంచి ముందు డబ్బా కనబడింది, దాని వెనక మా ఆయన, కనురెప్పల దాకా తెల్లగా.

“అన్ని గుడారాలొక్కతీర్గనే ఉన్నయ్. ఎటు పోవాల్నో సమజ్ కాలే. తెలుగు ఇనబడ్డది, అటే నడిసిన,” అన్నారాయన, దగ్గుతూ. కవిత ఆయన కాళ్లను చుట్టేసుకుంది. నేను ఏడుస్తూ నవ్వాను. ఓబులమ్మ మాత్రం డబ్బా మూత తీసి చూసి, “నీళ్లు ఒలకలేదులే, మంచి గాలే వచ్చినాది” అంది. గుడారమంతా పగలబడి నవ్వింది.

తర్వాత అమ్మాన్, అక్కడి నుంచి బొంబాయికి విమానం. బొంబాయిలో ఓబులమ్మ కడప వైపు, మేం జగిత్యాల వైపు విడిపోయాం. ఆ రోజుల్లో మేం ఇల్లు, ఉద్యోగం, సామానంతా పోగొట్టుకున్నాం. అయినా ఆ ప్రయాణం తలచుకుంటే నాకు ముందు గుర్తొచ్చేది దుఃఖం కాదు. ఏమీ లేని చోట ఒక మనిషి తన నోటితో దేశాన్ని కట్టింది, మమ్మల్నందరినీ అందులో ఉండనిచ్చింది. భయపడే పిల్లకు ధైర్యం చెప్పడం కంటే పని చెప్పడం మేలని నేను ఆమె దగ్గరే నేర్చుకున్నాను.

పిల్లలతో జనసమ్మర్దంలోకి వెళ్లేవాళ్లకు ఒక్క సూచన. తప్పిపోతే ఎక్కడ కలవాలో చెప్పుకుంటే చాలదు, ఆ చోటు కనబడకపోవచ్చు. ఇంట్లో అందరికీ తెలిసిన కేక ఒకటి ముందే అనుకోండి. బయలుదేరే ముందు సిగ్గుపడకుండా గట్టిగా అరిచి చూసుకోండి.