వెనక్కి నడిచిన సార్

మా ఎడిటింగ్ సార్ పోయారన్న కబురు నాకు ఎల్బీ నగర్ మెట్రో మెట్ల మీద తెలిసింది. ఫోన్ చేసింది మా జూనియర్. "సార్ పోయిండక్కా" అని ఏడ్చాడు. నాకు ఏడుపు రాలేదు, ఒళ్లు మండింది. ఎందుకో మీకు చెప్పాలి.

దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక కోచింగ్ సెంటర్ పైన, కిటికీకి నల్ల దుప్పటి కట్టిన గదిలో సార్ మాకు పని నేర్పారు. ఇవాళ నేను తినే అన్నం ఆ గది పెట్టిందే. "కథలు అందరు జెప్తరు బిడ్డా. కాలాన్ని ఎట్ల తిప్పుతవో అది జూపియ్యి" అనేవారు. ఇంకో మాట కూడా: "కోపమొస్తే కట్ జెయ్యకు. ఆపకుంట జూపియ్యి."

ఆయన తీసిన ఒక చిన్న సినిమాలో బజారంతా వెనక్కి నడుస్తుంటుంది, ఆయనొక్కరే ముందుకు, మన వైపు వస్తుంటారు. నిజానికి సారే వెనక్కి నడిచారు, తర్వాత షాట్‌ని చివర నుంచి మొదటికి తిరగేశారు. కెమెరా పట్టింది నేను. చెప్పుల బండి తగిలి మడమ చీరుకుపోయినా ఆయన ఆగలేదు. జూనియర్ నా పక్కనే ఉన్నాడు.

ఆ సినిమాని వాడు తన పేరుతో పోటీలకు పంపి బహుమతులు తెచ్చుకున్నాడు. అడిగితే "సార్ నా సినిమాల యాక్టింగ్ చేసిండు" అన్నాడు. సార్ "పోనియ్యి బిడ్డా" అని వదిలేశారు. నేను వదల్లేదు.

వనస్థలిపురంలో సంతాప సభ పెట్టారు. వాడు మైకు పట్టుకుని, సార్‌కి నివాళిగా "నా సినిమా" వేస్తామన్నాడు. ప్రొజెక్టర్ దగ్గర ఉన్నది నేను. తిరగేయని అసలు షాట్‌ని శబ్దంతో సహా వేశాను. తెర మీద జనం మామూలుగా నడుస్తున్నారు. సార్ వెనక్కి నడుస్తూ అరుస్తున్నారు: "కెమెరా దించకు! నేను జెప్పేదాక ఆపకు!" వెంటనే వాడి గొంతు: "గిట్ల వెనక్కి నడిస్తే ఏమొస్తది సార్? నాకు సమజైతలేదు."

సభలో ఎవరో గట్టిగా నవ్వారు. వాడు నా దగ్గరికి పరుగెత్తుకొచ్చాడు.

"ఆపక్కా, ఇజ్జత్ పోతది."

"సార్ ఇంకా ఆపమనలేదుగా" అన్నాను. చెప్పొద్దూ, నా కడుపు చల్లబడింది.

తెర మీద సార్ మమ్మల్నే చూస్తూ, అడుగు తర్వాత అడుగు వెనక్కి వేస్తూ జనంలో కలిసిపోయారు. చివరికి తలల మీద ఆయన చెయ్యి ఒక్కటే కనిపించింది, ఇక ఆపమని ఊపుతూ.

నేను ఆపలేదు.