డ్రైవరు చేతిలో నేను పెట్టిన సీసా

పామర్రు దగ్గర ఒక స్కూలు వ్యాను కాలువలో పడితే, దాని డ్రైవరు పిల్లలందరినీ ఒడ్డుకు చేర్చి, చివరికి తను మునిగిపోయాడు. ఆ సంఘటన మీద తీసిన సినిమాకు కథ రాసింది నేనే. రాసే ముందు అతని భార్యను కలిశాను. ఆవిడ రెండు రోజులు ఓపిగ్గా అన్నీ చెప్పింది, భోజనం కూడా పెట్టింది.

నిజానికి ఆ రోజు టైరు పేలింది. అంతకంటే బలమైన కారణం కావాలన్నాడు దర్శకుడు. నేను డ్రైవరు చేతిలో మందు సీసా పెట్టాను. పేరు మార్చాం కాబట్టి ఫరవాలేదని సర్దిచెప్పుకున్నాను.

విజయవాడలో మొదటి ఆటకు ఆవిడను నేనే పిలిచాను. ఇంటర్వెల్లో నా దగ్గరకొచ్చింది.

“మా ఆయన తాగేవారని మీకెవరు చెప్పారండీ?”

“అది మీ ఆయన కాదండీ, కథలో డ్రైవరు.”

“మా ఊళ్ళో వాళ్ళకి ఆ తేడా తెలుస్తుందాండీ? వాళ్ళ పిల్లల్నేగా ఆయన ఎక్కించుకెళ్ళింది.”

ఆవిడ మిగతా సినిమా చూడకుండా వెళ్ళిపోయింది.

ఆ సీను తీసేయమని దర్శకుణ్ణి బతిమాలాను. అది లేకపోతే కథ నిలబడదని ఒప్పుకోలేదు. వారం తర్వాత పామర్రు వెళ్ళి ఆవిడను క్షమించమన్నాను.

“నాకు చెప్తే ఏం లాభమండీ? ఆయన సంగతి నాకు తెలుసుగా. బయటవాళ్ళకి చెప్పండి,” అంది.

ఎదురుగా టీ కొట్టు దగ్గర నలుగురు ఆ సినిమా గురించే మాట్లాడుకుంటున్నారు. సీసా సంగతి అబద్ధమని, అది రాసింది నేనేనని చెప్పాలని వాళ్ళ దాకా వెళ్ళాను. ఒకాయన జరిగి బెంచీ మీద చోటిచ్చాడు. టీ తాగి, ఏమీ చెప్పకుండానే విజయవాడ బస్సెక్కాను.