తడిక ఇవతలి గొంతు

మా చిన్నప్పుడు... పుంగనూరు డేరా సినిమాలో నేలంతా ఇసుక, నడిమధ్య వెదురు తడిక. అటు మగవాళ్ళు, ఇటు మేము. ఆ సాయంత్రం చిన్నమ్మ కొంగు పిడికిట్లో పట్టుకుని కూర్చున్న నాకు తెర మీద బొమ్మ కనపడలేదు. డేరా గుమ్మమే కనపడుతోంది... ఎవరు వస్తారో, ఎవరు చూస్తారో అని.

భయం ఎందుకంటే... మా అమ్మ చెల్లెలు రత్నమ్మకు మదనపల్లెలో పంతులమ్మ ట్రైనింగుకు సీటు వచ్చింది. తాత సరే అనలేదు, కాదనలేదు. "ఊళ్ళో నీ గురించి ఒక్క మాట వినపడిందా, కుప్పం సంబంధమే" అన్నాడు. కుప్పం సంబంధమంటే పెళ్ళాం పోయిన మండీ షావుకారు, మా తాత ఈడువాడు. "డేరాలో కాలు పెట్టినోళ్ళు నా గడప తొక్కగూడదు" అని వీధిలో నిలబడి చాటిందీ ఆ తాతే.

అయినా చిన్నమ్మ వచ్చింది. బొంత కుట్టడానికి ఇచ్చొస్తామని అవ్వకు చెప్పి, బొంతలు కుట్టే ఖైరున్‌బీ వెంట నన్నూ లాక్కొచ్చింది. హిందీ సినిమా... ఉద్యోగం చేసే ఒక పిల్ల, ఆమె కోసం సైకిలు మీదనుంచి పదేపదే పడే ఒక అబ్బాయి, వద్దనే ఒక తండ్రి. చూసినవాళ్ళు నవ్వలేక చచ్చామన్నారు.

హిందీ మన ఊళ్ళో ఎంతమందికి వచ్చు? అందుకని డేరా వాళ్ళు ఒకాయనను పెట్టారు. రేకు గొట్టం నోటికి ఆనించుకుని, తెర పక్కన నిలబడి కథంతా తెలుగులో చెప్పేవాడు. సాయిబులు ముందు నవ్వేవాళ్ళు... గొట్టం చెప్పాక మిగతావాళ్ళు నవ్వేవాళ్ళు. మా వైపు మాత్రం ఖైరున్‌బీ గుసగుసగా అసలు మాట చెప్పేది. ఆమె ఇంట్లో ఆడుకుంటూ పెరిగిన చిన్నమ్మకు ఆ గుసగుస కూడా అక్కర్లేదు, సగం తనకే అర్థమయ్యేది.

"సూడు బేటీ, వాడు మళ్ళా పడినాడు!" అని ఖైరున్‌బీ కడుపు పట్టుకుని నవ్వుతోంది. అప్పుడే తడిక అవతల ఒక దగ్గు... చివర్న గొంతు గీరుకునే దగ్గు. ఆ దగ్గు వింటే మా ఇంట్లో పిల్లలం ఆటలు ఆపేసేవాళ్ళం. నా ఒళ్ళు చల్లబడిపోయింది. తడిక సందులోంచి చూశాను. తలపాగా... తాతే! ఎద్దులు చూడడానికి గంగవరం పోతున్నానని చెప్పి బయల్దేరిన తాత!

"చిన్నమ్మా, తాత ఈడుండాడు... పోదాం రా" అని ఏడుపు గొంతుతో లాగాను. ఆమె లేవబోయింది. సరిగ్గా అప్పుడు తెర మీద ఆ పిల్ల తండ్రికి ఎదురుగా నిలబడి ఏదో గట్టిగా అంది. ఎవరూ నవ్వలేదు.

గొట్టం మోగింది. "నాన్నగారూ, తప్పయిపోయింది. ఉద్యోగం మానేస్తాను, ఇక గడప దాటను... అంటాండాది అమ్మాయి!"

ఖైరున్‌బీ నోరు తెరిచింది. "అట్ల యాడ అనిందప్పా ఆ పిల్ల..."

అప్పటికే చిన్నమ్మ లేచి నిలబడింది. "అబద్ధం! ఆ పిల్ల ఆ మాట అనలేదు. పెళ్ళి చేసుకుంటా, పని మాత్రం మాననంటాండాది. ఉన్నది ఉన్నట్టు చెప్పప్పా!"

మగవాళ్ళ వైపు గొల్లున నవ్వారు. "ఎవరమ్మా అది, బొంబాయి నుంచి దిగినట్టుండాదే!" అన్నాడొకడు. ఈలలు... చప్పట్లు. అంత గోలలోనూ నాకు వినపడిందొకటే. సగంలో ఆగిపోయిన దగ్గు.

ఇంటిదారి పట్టాం. "నోరు ఆగలేదే పాపా... అయిపాయ" అని దారిలో అంది చిన్నమ్మ.

తాత వచ్చాడు. పీట మీద కూర్చున్నాడు. అవ్వ సంగటి పెట్టింది, చిన్నమ్మ పప్పు వడ్డించబోతే గరిటె గిన్నెకు కొట్టుకుని టకటకమంది. నేను గాదె వెనక్కి నక్కాను. ఇప్పుడు కొడతాడు... ఇప్పుడు కుప్పానికి కబురు పెడతాడు...

"ఎద్దులు కుదిరినాయా?" అంది అవ్వ.

"లేదు."

"గంగవరం ఏట్లో పొర్లినారా ఏంది? పంచెకంతా ఇసక."

తాత చెయ్యి ముద్ద మీదే ఆగిపోయింది. తల ఎత్తి చిన్నమ్మను చూశాడు. చిన్నమ్మ చీర కుచ్చిళ్ళకూ అదే ఇసక. గొంతు గీరుకున్నాడు.

"నిజంగానే ఆ పిల్ల మానననిందా?"

"ఏ పిల్ల?" అంది అవ్వ.

"మానననింది నాయనా" అంది చిన్నమ్మ. గరిటె చప్పుడు ఆగిపోయింది.

"అట్లయితే మదనపల్లెకు బట్టలు సర్దుకో. ఈ ఇసక మాట మాత్రం వీధిలో పడగూడదు."

"ఏ పిల్లప్పా?" అని అవ్వ ఎన్నేళ్ళు అడిగిందో!

ఇది చెప్పినప్పుడల్లా "మీ తాత మనసు ఎంత మంచిదో" అంటారు కొందరు. నాకు ఒళ్ళు మండుతుంది. మంచితనమట! ఆయన పంచెకు ఇసుక అంటకపోయి ఉంటే? నిజంగానే గంగవరం పోయి ఉంటే, ఎవడో వచ్చి ఆ అరుపు సంగతి చెప్పి ఉంటే? చిన్నమ్మ కుప్పం మండీలో చింతపండు గింజలు తీస్తూ ముసలిదయ్యేది. ఒక ఆడపిల్ల బతుకు తండ్రి దొరికిపోవడం మీద ఆధారపడాలా? దాన్ని దయ అని పిలవమంటారా? నేను పిలవను.

చిన్నమ్మ తర్వాత కుప్పం వెళ్ళింది, పంతులమ్మగా. తన పెట్టె తనే మోసుకుని.

ఆ డేరా లేదు... ఆ తడికా లేదు... ఖైరున్‌బీ నవ్వూ లేదు. ఆడపిల్ల నోరు విప్పితే ఆమె ఏమందో మనకు చెప్పడానికి గొట్టం పట్టుకుని నిలబడే మగవాడు మాత్రం ఎక్కడికీ పోలేదు. గొట్టం పెద్దదైంది, అంతే. ఎక్కడైనా ఆ గొట్టం మాటలు వినపడితే ఇప్పటికీ నా ఒళ్ళు చల్లబడుతుంది... తడిక ఇవతల ఎవరైనా లేస్తారా అని చూస్తాను.

మీ ఇంట్లో అలా లేచి "అబద్ధం" అన్నదెవరు? పిన్నా, అత్తా, అక్కా? పేరు పెట్టి చెప్పండి... ఆమె అన్నది అన్నట్టుగానే చెప్పండి.