మా ఫుట్‌బాల్ క్లబ్బు చరిత్ర రాసిన పాపం

మా ఊరి ఫుట్‌బాల్ క్లబ్బు చరిత్రలో ఒక అబద్ధం ఉంది. రాసింది నేనే. ఎవరో బెదిరించి రాయించారంటే కాస్త గౌరవంగా ఉండేది. కాని నేను తెలివైనవాణ్ణనుకునే రాశాను.

డెబ్బైల మొదట్లో, ఉయ్యూరు పక్కన మా ఊళ్ళో, క్లబ్బుకి పాతికేళ్ళు నిండాయి. నేను గోల్‌కీపర్ని. గోలు ఆపిన రోజులకన్నా, ఆపలేక గోల పెట్టిన రోజులే ఎక్కువ. అయినా బెజవాడ ప్రెస్సులో ప్రూఫులు దిద్దేవాణ్ణి కనక, సావనీరుకి క్లబ్బు చరిత్ర రాసే పని నా మీద పడింది.

రాయడానికి కష్టమేముంది? మిషన్ స్కూలు డ్రిల్లు మాస్టారు ఊరి చివర బీడులో తుమ్మకంప కొట్టించి, రైతుల పిల్లల్నీ కూలీల పిల్లల్నీ ఒకే జట్టుగా నిలబెట్టి మొదలెట్టారు. అంతే చరిత్ర. కాకపోతే ఆ బీడు క్లబ్బు ప్రెసిడెంటు గారిది. ఆయన కాలు బంతికి తగలగా చూసినవాళ్ళు లేరు.

“క్లబ్బు పెట్టింది నేనని వెయ్యండి. ఫంక్షన్ కాగానే గ్రౌండు క్లబ్బుకి రాసిచ్చేస్తా,” అన్నారాయన.

ఆయన రాసిస్తారని నేను రాసిచ్చాను. ప్రూఫు పట్టుకెళ్ళి మాస్టారికి చూపించాను. రెండుసార్లు చదివారు.

“మరి నేనేం చేశానని రాశావురా?”

“ఆట నేర్పారని... కింద పేరాలో ఉందండీ.”

“సర్లే. పేరుతో ఆడతామా ఏంటి? గ్రౌండుంటే చాలు,” అని కాగితం మడిచారు. ఆ మడతనే గోటితో మళ్ళీ మళ్ళీ రుద్దుతూ కూచున్నారు.

ఫంక్షన్‌లో దండలు పడ్డాయి. రిజిస్ట్రేషన్ మాటెత్తితే “మంచి రోజు చూద్దామండీ” అన్నారు ప్రెసిడెంటు గారు. చూశారు, చెరకు నాటడానికి.

తోట నడుమెత్తు పెరిగాక మాస్టారు ఒకసారి వచ్చారు. “గోలుపోస్టులెక్కడుండేవిరా?” అనడిగారు. ఏళ్ళ తరబడి వాటి మధ్యే నిలబడ్డవాణ్ణి, చూపించలేకపోయాను. ఆ వానాకాలంలోనే ఆయన పోయారు. సమాధుల తోట దాకా పెట్టె మోసింది పాత జట్టే. పదకొండు మందిమి కూడా లేం.

మరుసటేడు ప్రెసిడెంటు గారు పంచాయతీకి నిలబడ్డారు. “ప్రెస్సులో సావనీర్లు మిగిలాయిగా, పట్రండి. ఇంటింటికీ నేనే ఇస్తా,” అన్నారు.

అచ్చయిపోయిన పుస్తకంలో తప్పులుంటే తప్పొప్పుల పట్టిక అని ఒక చీటీ వేసి అంటించడం ప్రెస్సుల్లో మామూలే. దగ్గరుండి కంపోజ్ చేయించాను. ఒకటే తప్పు, ఒకటే ఒప్పు: క్లబ్బు స్థాపకులుగా ప్రెసిడెంటు గారి పేరున్న చోట మాస్టారి పేరు చదువుకోవలసిందిగా మనవి. ప్రతి కాపీలోనూ ప్రెసిడెంటు గారి ఫొటోకి ఎదురుగా నేనే జిగురు రాసి అంటించాను. ఆయన పుస్తకం తెరిచే మనిషి కాదు. నాలుగు వీధులూ తిరిగి, నవ్వుతూ, రెండు చేతులా ఆయనే పంచిపెట్టారు.