మహబూలా బస్సులో నారింజపండు

కువైట్‌లో జపాన్ సినిమా రచయిత్రి ఒకామె బస్సులో నా పక్కన కూర్చుని నాకోసం సీను రాసిందని గదిలో అందరికీ చెప్పాను. కొంచెం సాగదీశాను లెండి. పక్కన కూర్చున్నది ఇంటిపని చేసే కడప ఆమె. రచయిత్రి ఆ ఇంటి ముసలి మామా, అంటే యజమానురాలు, జపానామె. రెండో ప్రపంచ యుద్ధం అయ్యాక జపాన్‌లో ఎన్నో సినిమాలు రాసిందట, పేరు మాత్రం ఎవరికీ తెలియదట.

కడప ఆమె ఈ కబురు చెబుతుండగానే మహబూలాలో పోలీసులు బస్సెక్కారు. నా ఇఖామా, అదే ఇక్కడ ఉండనిచ్చే కార్డు, ఖైతాన్‌లోని మా గదిలో, ఇంకో చొక్కా జేబులో ఉండిపోయింది. దొరికితే వేలిముద్రలు తీసుకుని ఇండియాకి పంపేస్తారు.

ఆమె సంచిలోంచి నారింజపండు తీసి, నా ముఖం చూసి, నా చేతిలో పెట్టింది.

"వొలువు పెద్దాయనా. సినిమాలో భయపడే మనిషికి మాటలు రాయగూడదు, చేతికి పని ఇయ్యాల అంటాది మా మామా."

తల వంచుకుని ఒలిచాను. నింపాదిగా పండు తినే ముసలాడే కదా అనుకున్నాడేమో, పోలీసు మమ్మల్ని దాటిపోయాడు.

"ఎంత గుండె ధైర్యం ఆమెది!" అని ముగించబోయాను. ఆరోజు బస్సులో మా వెనక సీట్లో ఉన్న జగిత్యాల నర్సయ్య ఊరుకోలేదు.

"ధైర్యం ఏడిది తాతా? ఆ పండు ఆమె తన భయానికే సంచిలకెల్లి తీసింది. నీకిచ్చినంక ఆమె చేతులు గజగజ వణికినయ్."