సరాసరి చెప్పలేని మాట

యుద్ధం రోజులు. బంగారుపాళ్యం దాపున మా పల్లెలో వరసగా రెండేళ్లు వాన మొహం చాటేసింది. ఇంకో పంట పోతే ఊరు విడవడమే. నాయన అక్కడి చర్చిలో వాక్యం చెప్పే ఉపదేశి. చిత్తూరులో టీచరు ట్రైనింగు ముగించి వచ్చిన నేను ఆయనకు లెక్కల మనిషిని.

ఆ ఏడు మిషను వాళ్లు కొత్తరకం శెనక్కాయ విత్తనం పంపారు. అందరికీ చాలదు. ప్రార్థన చేసి చీట్లు వేశాం. సగం మందికి కొత్తది, సగం మందికి పాతది పడింది. వచ్చే ఏటికి అందరూ ఏది వేయాలో కోత పండుగనాడు నాయన చెప్పాలి.

ఇల్లిల్లూ తిరిగి పంట కొలిచాను. కొత్తదాని సరాసరి కాస్త ఎక్కువ తేలింది.

"దేవుడు సెప్పేసినాడు. ఇంకేముండాది?" అన్నాడు నాయన.

నా మనసు ఒప్పలేదు. కొత్తది వేసినవాళ్లలోనే ఒకరికి గంపలు నిండితే పక్కవాళ్లకు అడుగు కూడా కప్పలేదు. పాతదానిలోనూ అంతే. చేనుకూ చేనుకూ అంత తేడా ఉంటే, సరాసరుల మధ్య ఈ పిసరు తేడా విత్తనానిదని ఎట్లా అనేది?

"ఇంకోమారు చీట్లు వేసింటే మంచి చేన్లన్నీ పాతదానికే పడిండొచ్చు, నాయనా."

"చీట్లూ ఆయనవే కదరా?"

దేవుడు అనని మాట ఆయన నోట పెట్టడానికి భయమేసింది. ఎండలో తిరిగి తిరిగి నాకు వాదించే ఓపిక కూడా లేదు.

నాయన బైబిలు ముందుకు లాక్కున్నాడు. "గొర్రెబొచ్చు పరిచి దేవుణ్ణి గుర్తు అడిగినాయన ఒక్కసారికే నమ్మలేదు. ముందు బొచ్చు తడిసి నేల ఎండల్లన్నాడు. మరునాడు బొచ్చు ఎండి నేల తడవల్లని తిప్పి అడిగినాడు."

పండుగనాడు ఆయన లేచి, ఏది మేలో తనకు తెలీదన్నాడు. చేన్లు అవే ఉంచి విత్తనాలు తిప్పి వేద్దామన్నాడు. ఆ చోట నిలబడి నాయన తెలీదనడం నేనెన్నడూ వినలేదు. ఎవరూ ఆమెన్ అనలేదు.

ముందు వరసలోని ముసలమ్మ నావైపు తిరిగింది. "సరాసరి సరాసరి అంటావు, ఒక్క మాటా సరాసరి సెప్పవు. ఏం సదువు నాయనా ఇది?"

అందరూ నవ్వారు, నాయన తప్ప.

చర్చి బయట విత్తనాల సంచులు చేతులు మారాయి. కోపంగానే మార్చుకున్నారు. ముసలమ్మ తన వంతు సంచి నా భుజాన పెట్టింది.

"ఇదన్నా సరాసరి మా ఇంటికి సేర్చు."

మోసుకుంటూ ఆమె వెనక నడిచాను. అది కొత్తదో పాతదో అడగలేదు. బరువు ఒకటే.