వెంకటసుబ్బారావు గారి అభ్యంతరాలు

వెంకటసుబ్బారావు గారికి అభ్యంతరం లేని విషయం ఈ భూమ్మీద ఒక్కటి కూడా లేదని నేను చాలాకాలం నమ్మాను. నమ్మక చస్తానా, ఆయన వకీలుని నేనే.

పెళ్ళి భోజనంలో పప్పు రాకముందే పులుసు తెస్తే విస్తరికి చెయ్యి అడ్డం పెట్టి పంక్తి మొత్తాన్ని ఆపించిన మనిషి ఆయన. ఒకసారి కంకిపాడు నుంచి విజయవాడ వస్తూ బస్సులో కండక్టర్‌ని పట్టుకున్నారు.

"ఎక్స్‌ప్రెస్ అని రాసుకుని చెయ్యెత్తిన చోటల్లా ఆపుతున్నారు. నాకు అభ్యంతరం."

"అయితే దిగిపోతారా బాబాయ్?"

"దిగడానికీ అభ్యంతరమే. టిక్కెట్ కొన్నాను."

కేసు చూస్తే చాలా చిన్నది. కంకిపాడు దగ్గర ఆయనకీ తమ్ముడికీ ఉమ్మడిగా బియ్యం మిల్లు ఉండేది. తమ్ముడు పోయాక మిల్లు నష్టాల్లో పడింది, బ్యాంకు వేలం వేసింది. అప్పు తీరగా మిగిలిన సొమ్ము విజయవాడ కోర్టులో జమయింది. సగం ఈయనది, సగం తమ్ముడి కొడుకు సాయిగణేష్‌ది. ఇద్దరూ సంతకం పెడితే నెలలో తేలిపోవాలి. పెట్టాలి కదా.

సాయిగణేష్ వేసిన పిటిషన్‌లో మిల్లుకి తూర్పున కాలువ అని ఉంది. మా పెద్దాయన లేచారు.

"ఆ కాలువ ఎండిపోయిందండీ. నీళ్ళు లేనిదాన్ని కాలువ అంటే నేనొప్పుకోను."

"అమ్ముడుపోయిన మిల్లు హద్దులతో మీకిప్పుడేం పనండీ?" అన్నారు జడ్జి గారు.

"పని లేదండీ. అభ్యంతరం ఉంది."

ఆ తర్వాత వడ్డీ లెక్క మీద, వేలం ప్రకటన వేసిన పత్రిక మీద, చివరికి వాయిదా తేదీ మీద కూడా అభ్యంతరాలు వచ్చాయి. "ఈ కోర్టు మీద లేదు కదా?" అని జడ్జి గారు నవ్వుతూ అడిగితే, "కోర్టు మీద లేదండీ, ఫ్యాన్ మీద ఉంది, చప్పుడెక్కువ" అన్నారు. నాకు తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

నిజానికి నాకు కోపం కూడా వచ్చేది. ఆయన సగం కూడా అక్కడే ఇరుక్కుపోయింది. ఆ వయసులో రెండు మోకాళ్ళూ పట్టుకుని, మెట్టుకోసారి ఆగుతూ కోర్టుకి వచ్చేవారు. ఎవరిమీద ఈ పంతం అని అడిగితే మాట దాటేసేవారు.

ఒకరోజు వరండాలో సాయిగణేష్ చేతులెత్తేశాడు.

"పెదనాన్నా, నా వల్ల కాదు. నా వాటాలో ఇంకొంచెం తీసుకో. ఈ కేసు వదిలెయ్."

"నీ వాటా నాకెందుకురా? మన కళ్ళంలో ధాన్యం ఎండబోసిన ఆడాళ్ళకి ఆఖరి సీజను కూలి ఇవ్వలేదు. ముందు అది తీసి, మిగిలింది పంచుకుందాం."

సాయిగణేష్ తెల్లబోయాడు. "దీనికోసమా ఇదంతా? ఆ మాట మొదట్లోనే చెప్పొచ్చుగా."

"మిల్లు మూసినప్పుడు చెప్పాను. వాళ్ళ దగ్గర కాగితం ఏదన్నావు. ఇక్కడ చెప్పినా మళ్ళీ అదే అడిగేవాడివి, జడ్జి గారూ అదే అడిగేవారు. ఎండలో పనిచేసేవాళ్ళకి మనం ఏనాడన్నా కాగితం ఇచ్చామా? నీకు ఓపిక అయిపోయేదాకా ఆగాను."

నేను ఉండబట్టలేక కలగజేసుకున్నాను. "అంత కావాలనుకుంటే మీ జేబులోంచి ఇచ్చేస్తే పోయేది కదండీ?"

"ఇవ్వబోయాను. ఆ ఆడాళ్ళలో అమలమ్మని ఉంది, తీసుకోలేదు. 'మీరిస్తే ధర్మం అవుద్ది బాబుగారూ, మిల్లు ఇస్తే కూలి అవుద్ది. మాకు కూలి కావాలి' అంది. నేను చాలా ఆలోచించాను. ఆ మాటకి అభ్యంతరం దొరకలేదు."

ఇన్నాళ్ళూ ఈయన్ని తిట్టుకున్న తిట్లన్నీ గుర్తొచ్చి సిగ్గేసింది.

రాజీ మెమో రాశాం. కూలి ముందు, వాటాలు తర్వాత. సొమ్ము చేతికొచ్చిన రోజు కళ్ళం ఆడవాళ్ళందరూ కోర్టు బయట వేపచెట్టు కింద చేరారు. పెద్దాయన పంచబోతుంటే అమలమ్మ ఆపింది.

"చిన్నబాబు గారి చేత్తో ఇప్పించండి. మిల్లు ఆయనదీ కదా."

సాయిగణేష్ మొదటి ఇద్దరికీ తల దించుకునే ఇచ్చాడు. మూడో ఆమెకి ఇస్తూ పేరడిగాడు. ఆ తర్వాత ప్రతి ఒక్కరినీ అడిగి, పేరు పెట్టి పిలిచి ఇచ్చాడు.

అమలమ్మ కూలి కొంగున ముడేసుకుని పెద్దాయన దగ్గరికి వచ్చింది. "ఆ రోజు మీరిచ్చినప్పుడే తీసుకునుంటే మీకీ తిరుగుళ్ళు తప్పేవి బాబుగారూ. నడవలేక నడవలేక వచ్చారు."

"భలేదానివే. నాకు కోర్టుకి రావడమంటే సరదా" అన్నారాయన, మోకాలు రుద్దుకుంటూ.

ఆయన నోట నేను విన్న అబద్ధం అదొక్కటే. వకీలునై ఉండి కూడా కిమ్మనకుండా ఊరుకున్నాను.